తెరుచుకోని ఆట: ఎక్కడ ఆగిందో కనిపెట్టే పద్ధతి

కంప్యూటర్‌లో గేమ్ గుర్తు మీద రెండుసార్లు నొక్కినా ఏమీ జరగకపోవడం, క్షణకాలం నల్లటి తెర కనిపించి మళ్లీ డెస్క్‌టాప్ ప్రత్యక్షం కావడం, అర్థం కాని అంకెలతో ఒక చిన్న పెట్టె తెర మీదికి రావడం పైకి వేర్వేరు ఇబ్బందులుగా తోచినా, మూలంలో అవన్నీ ఒకే కోవకు చెందినవి. ఆట మొదలు కావడానికి ముందు కంప్యూటర్ లోపల కొన్ని పనులు ఒక వరుసలో జరగాలి. ఆ వరుసలో ఏదో ఒకచోట పని నిలిచిపోయింది. ఎక్కడ నిలిచిందో తెలిస్తే దాన్ని సరిచేయడం చాలాసార్లు కొద్ది నిమిషాల పని. తెలియకుండా చేతికి దొరికిన ఉపాయాలన్నీ ప్రయోగిస్తే రోజులు గడిచినా ఫలితం ఉండదు, పైగా అంతవరకు బాగున్నవి కూడా చెడిపోతాయి.

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ పట్టణాల నడుమ, నాగార్జునసాగర్ ఎడమ కాలువ ఆయకట్టు కింద ఉన్న గరిడేపల్లి వంటి మండల కేంద్రాలకు ఈ విషయం ప్రత్యేకంగా అవసరం. ఇలాంటి ఊళ్లలో ఆటలకోసమే కొన్న ఖరీదైన కంప్యూటర్లు అరుదు. ఇంజినీరింగ్ చదువు కోసం కొన్న లాప్‌టాప్, హైదరాబాద్ కంపెనీలు వాడి వదిలేయగా సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్ వంటి మార్కెట్లలో బాగుచేసి అమ్మిన సెకండ్ హ్యాండ్ యంత్రం, పగలు జిరాక్సుకూ డీటీపీకీ వాడే షాపులోని సిస్టం, వీటి మీదే పిల్లలు, యువకులు ఆటలు ఆడుకుంటారు. ఆట తెరుచుకోకపోతే ఎక్కువగా వినిపించే సలహా ‘ఫార్మాట్ కొట్టిస్తే సరిపోతుంది’ అన్నదే. ఫార్మాట్ అంటే డిస్కులో ఉన్నదంతా చెరిపేసి విండోస్‌ను కొత్తగా ఎక్కించడం. అది కొన్నిసార్లు పనిచేసినా, ఫొటోలు, రికార్డులు, చదువు నోట్సు దానితోపాటు పోయే ప్రమాదం ఉంది. అంతకు మించి, తప్పు ఎక్కడుందో చెప్పగల ఆనవాళ్లు కూడా చెరిగిపోతాయి కాబట్టి, అదే తప్పు మళ్లీ వచ్చినప్పుడు యజమాని మొదటికే వస్తాడు.

నొక్కడానికీ తెరుచుకోవడానికీ మధ్య

ఆట గుర్తును నొక్కిన వెంటనే మొదట స్పందించేది చాలా సందర్భాల్లో ఆట కాదు, దాని లాంచర్. లాంచర్ అంటే ఆటలను అమ్మి, ఎక్కించి, ఎప్పటికప్పుడు నవీకరించే కార్యక్రమం. స్టీమ్, ఎపిక్ వంటివి ఈ రకానివి. ఆట ఈ ఖాతాదారుదేనా, కొత్త మార్పులు ఏమైనా దించుకోవాలా అని అది సరిచూసుకున్నాక, విండోస్ అసలు ఆట ఫైలును తెరిచి జ్ఞాపకశక్తిలోకి, అంటే ర్యామ్‌లోకి ఎక్కిస్తుంది. ఆ తర్వాత ఆటకు అవసరమైన డీఎల్‌ఎల్ ఫైళ్లు ఒక్కొక్కటిగా చేరతాయి. శబ్దం వినిపించడం, బొమ్మ గీయడం, మౌసు కదలికను గుర్తించడం వంటి పనులను అనేక కార్యక్రమాలు ఉమ్మడిగా వాడుకునేలా రాసిపెట్టిన ఫైళ్లకు డీఎల్‌ఎల్ అని పేరు. ఆన్‌లైన్ పోటీ ఆటలైతే మోసాన్ని పసిగట్టే రక్షణ కార్యక్రమం, అంటే యాంటీ చీట్, ఈ దశలో లేస్తుంది. అనంతరం ఆట గ్రాఫిక్స్ కార్డుతో సంబంధం కలుపుకొని, పాత సెట్టింగులనూ దాచిపెట్టిన ఆట వివరాలనూ చదువుకొని, చివరకు మొదటి బొమ్మను తెర మీద చూపిస్తుంది.

ఈ వరుసను ఆయకట్టు రైతుకు వేరుగా వివరించనక్కరలేదు. చివరి భూములకు నీరు అందనప్పుడు అనుభవం ఉన్న రైతు పొలంలో కాలువ తవ్వడంతో మొదలుపెట్టడు. పంట కాలువ, తూము, మేజరు, ప్రధాన కాలువ అంటూ వెనక్కి నడుచుకుంటూ పోయి, ఎక్కడి వరకు నీరు ఉందో, ఎక్కడినుంచి లేదో చూసి, ఆ రెండింటి మధ్యనే అడ్డం ఉందని తేల్చుకుంటాడు. తెరుచుకోని ఆట విషయంలో చేయవలసిందీ అంతే. లాంచర్ తెరుచుకుంటే మొదటి అడుగు సవ్యంగా ఉన్నట్టు. ఆట సంస్థ గుర్తు తెర మీద కనిపించి తర్వాత ఆగిపోతే ఫైళ్లు ఎక్కడం, గ్రాఫిక్స్ కార్డుతో సంబంధం కలవడం చాలావరకు పూర్తయినట్టు. ఏ పెట్టే రాకుండా, ఏ తెరా కనిపించకుండా ముగిసిపోతే లోపం వరుస మొదటి భాగంలోనే ఉందని అనుమానించాలి.

ఆనవాళ్లు ఎక్కడ దొరుకుతాయి

ఏదైనా మార్చడానికి ముందు చేయవలసిన పని చూడటం. తెర మీద పెట్టె వస్తే దాన్ని వెంటనే మూసేయకుండా ఫోన్‌తో ఫొటో తీసుకోవాలి. అందులోని ఫైలు పేరు, అంకెల కోడ్ రెండూ విలువైనవే. పెట్టె ఏదీ రాకపోతే కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ మీటలు కలిపి నొక్కి టాస్క్ మేనేజర్ తెరవాలి. ప్రస్తుతం నడుస్తున్న కార్యక్రమాలన్నింటి జాబితా అందులో ఉంటుంది. ఆట పేరు అక్కడ కనిపిస్తూ ఉంటే అది తెరుచుకోలేదని చెప్పలేం. పాత తరహా హార్డ్ డిస్కు నుంచి పెద్ద ఫైళ్లు చదవడానికి సమయం పడుతూ ఉండవచ్చు, లేదా ఇంతకుముందు నొక్కిన ప్రయత్నం సగంలో చిక్కుకుపోయి కొత్త ప్రయత్నాన్ని అడ్డుకుంటూ ఉండవచ్చు. డిస్కు వాడకం నూరు శాతం దగ్గర ఉంటే కొంతసేపు ఆగాలి. ఏ కదలికా లేకపోతే ఆ పేరును ఎంచుకొని ‘ఎండ్ టాస్క్’ నొక్కి, మళ్లీ ఒక్కసారే తెరవాలి.

ఆట పేరు జాబితాలో మెరిసి మాయమైపోతే, విండోస్ స్వయంగా రాసిపెట్టే దినచర్య పుస్తకం లాంటి ఈవెంట్ వ్యూయర్‌ను చూడాలి. స్టార్ట్ మెనూలో ఆ పేరు టైపు చేసి తెరిచి, విండోస్ లాగ్స్ కింద అప్లికేషన్ అన్న విభాగంలోకి వెళితే, ఆట ఆగిన సమయానికే ఎర్ర గుర్తుతో ఒక నమోదు చాలాసార్లు ఉంటుంది. అందులో రెండు పంక్తులు ముఖ్యం. ఒకటి ‘ఫాల్టింగ్ మాడ్యూల్ నేమ్’, అంటే ఏ ఫైలు నడుస్తుండగా ఆట కూలిపోయిందన్న సమాచారం; రెండవది ‘ఎక్సెప్షన్ కోడ్’, అంటే అది ఏ రకం వైఫల్యమో చెప్పే గుర్తు. మాడ్యూల్ పేరు ‘ఎన్‌వీ’ అక్షరాలతో మొదలై పొడవుగా ఉంటే అది ఎన్‌విడియా గ్రాఫిక్స్ డ్రైవర్‌కు, ‘ఐజీడీ’ అని మొదలైతే ఇంటెల్ గ్రాఫిక్స్ డ్రైవర్‌కు చెందినది అయ్యే అవకాశం ఎక్కువ. కోడ్ ‘సీ0000005’ అయితే ఆట తనది కాని జ్ఞాపకశక్తి చోటును ముట్టుకోబోయి ఆగిందని, ‘సీ000001డీ’ అయితే ప్రాసెసర్‌కు తెలియని ఆదేశం ఇచ్చిందని అర్థం. మొదటిదానికి పదిరకాల కారణాలు ఉండవచ్చు. రెండవది మాత్రం దాదాపుగా ఒకే దిక్కు చూపిస్తుంది. ఆట కోరే ఆదేశాలు ఆ ప్రాసెసర్‌లో లేవు.

ఆ రెండవ సందర్భం పాత యంత్రాలు వాడేవారికి తరచుగా ఎదురవుతుంది. ఒకేసారి అనేక సంఖ్యలపై లెక్కలు చేసే ఏవీఎక్స్ అనే ఆదేశాల సమూహం ఇంటెల్ ప్రాసెసర్లలో 2011 నుంచి వచ్చింది. అంతకుముందటి కోర్ ప్రాసెసర్లలో అది లేదు, తక్కువ ధర పెంటియం, సెలెరాన్ రకాల్లో ఆ తర్వాత కూడా చాలాకాలం లేదు. ఏవీఎక్స్ తప్పనిసరి చేసిన ఆట అలాంటి యంత్రం మీద ఎన్ని డ్రైవర్లు మార్చినా, ఎన్నిసార్లు ఫార్మాట్ చేసినా తెరుచుకోదు. ఈ ఒక్క కోడ్ చదవడం వస్తే ఎంతో శ్రమ, డబ్బు మిగులుతాయి.

కనిపించని ఫైళ్లు, కలిసిపోయిన ఫైళ్లు

ఆట తెరవబోతే ‘వీసీరన్‌టైమ్140 డీఎల్‌ఎల్ దొరకలేదు’ లేదా ‘ఎంఎస్‌వీసీపీ140 డీఎల్‌ఎల్ దొరకలేదు’ అన్న పెట్టె రావడం అత్యంత సాధారణమైన ఫిర్యాదుల్లో ఒకటి. ఈ ఫైళ్లు ఆటకు చెందినవి కావు. మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ప్యాకేజీలోనివి. దాన్ని మైక్రోసాఫ్ట్ సొంత సైటు నుంచి దించుకొని, 32 బిట్, 64 బిట్ రకాలు రెండూ ఎక్కిస్తే ఈ సమస్య తీరుతుంది. యంత్రం 64 బిట్‌దే అయినా 32 బిట్ ప్యాకేజీ కూడా కావాలి. ఎందుకంటే కావలసిన రకాన్ని నిర్ణయించేది ఆట, యంత్రం కాదు. అదేవిధంగా ‘డీ3డీఎక్స్9’ అన్న అక్షరాలతో మొదలయ్యే ఫైలు లేదని చెబితే, 2010 జూన్ నాటి డైరెక్ట్ ఎక్స్ రన్‌టైమ్ ప్యాకేజీ కావాలని అర్థం. డైరెక్ట్ ఎక్స్ అంటే ఆటలు గ్రాఫిక్స్ కార్డుతో మాట్లాడే మైక్రోసాఫ్ట్ భాష. కంప్యూటర్‌లో డైరెక్ట్ ఎక్స్ 12 ఉన్నప్పటికీ పాత ఆటలు అడిగే ఈ తొమ్మిదో తరం అనుబంధ ఫైళ్లు దానితోపాటు రావు.

ఇక్కడ చాలామంది చేసే పొరపాటు, దొరకని ఆ ఒక్క ఫైలునే ఎవరో ఊరూపేరూ లేనివారు పెట్టిన సైటు నుంచి దించుకొని విండోస్ ఫోల్డర్‌లో వేయడం. ఆ ఫైలులో వైరస్ ఉండే ప్రమాదం అలా ఉంచితే, అది తప్పు రకం కూడా కావచ్చు. 64 బిట్ విండోస్‌లో ‘సిస్టం32’ అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, ‘సిస్‌వావ్64’ అనే ఫోల్డర్‌లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేర్లు సరిగ్గా తారుమారుగా ఉండటంతో ఒక రకం ఫైలు మరో రకం స్థానంలోకి చేరిపోతుంది. అలా కలిసిపోయినప్పుడు వచ్చేదే ‘సీ000007బీ’ అనే ప్రసిద్ధమైన కోడ్. దానికి విరుగుడు, చేత్తో వేసిన ఫైళ్లను తొలగించి, పైన చెప్పిన ప్యాకేజీలను మళ్లీ పూర్తిగా ఎక్కించడం.

ఆట సొంత ఫైళ్లే చెడిపోవడం మరో కారణం. మోటార్లన్నీ ఒక్కసారిగా లేచే వేళల్లో ఓల్టేజీ పడిపోవడం, గాలివానకు కరెంటు పోవడం పల్లెటూళ్లలో కొత్త కాదు. యూపీఎస్ లేని డెస్క్‌టాప్‌లో డిస్కు మీద ఫైలు రాస్తున్న క్షణంలో కరెంటు పోతే ఆ ఫైలు సగమే మిగులుతుంది. దాని పేరు, స్థానం మామూలుగానే ఉంటాయి కాబట్టి పైకి ఏ తేడా తెలియదు. స్టీమ్‌లో ఆట పేరు మీద కుడి మీట నొక్కి, ప్రాపర్టీస్‌లో ఇన్‌స్టాల్డ్ ఫైల్స్ కింద ఉండే ‘వెరిఫై’ ఆదేశం ఈ లోపాన్ని పట్టుకుంటుంది. అది ప్రతి ఫైలునూ అసలు ప్రతితో పోల్చి చూసి, తేడా ఉన్నవాటినే మళ్లీ దించుకుంటుంది. ఫోన్ హాట్‌స్పాట్ మీద రోజుకు ఒకటిన్నర, రెండు జీబీల డేటాతో నెట్టుకొచ్చే ఇంటికి ఇది ఎంత మేలో చెప్పనక్కరలేదు. యాభై జీబీల ఆటను తీసేసి మళ్లీ ఎక్కించే బదులు కొన్ని ఎంబీలతో పని పూర్తవుతుంది. ఎపిక్ వంటి ఇతర లాంచర్లలోనూ ఇదే పనిచేసే ఆదేశం ఉంది.

గ్రాఫిక్స్ కార్డు దగ్గర నిలిచే ఆటలు

వరుసలో ఎక్కువ ఆటలు ఆగిపోయే చోటు గ్రాఫిక్స్. డివైస్ మేనేజర్ తెరిచి డిస్‌ప్లే అడాప్టర్స్ కింద చూసినప్పుడు ‘మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్’ అని మాత్రమే ఉంటే, ఆ కంప్యూటర్‌లో గ్రాఫిక్స్ డ్రైవర్ లేనట్టే. డ్రైవర్ అంటే విండోస్‌కూ పరికరానికీ మధ్య దుబాసీ పని చేసే కార్యక్రమం. ఫార్మాట్ కొట్టించిన వెంటనే ఆటలు తెరుచుకోకపోవడానికి తరచుగా ఇదే కారణం. తెర మీద బొమ్మ మామూలుగానే వస్తుంది కాబట్టి లోపం ఎవరికీ అనుమానం రాదు. లాప్‌టాప్ తయారుచేసిన కంపెనీ సైటు నుంచి గానీ, ఇంటెల్, ఏఎండీ, ఎన్‌విడియా సంస్థల నుంచి గానీ సరైన డ్రైవర్‌ను ఎక్కించాలి.

లాప్‌టాప్‌లో రెండు గ్రాఫిక్స్ కార్డులు ఉన్నప్పుడు మరో చిక్కు వస్తుంది. కరెంటు పొదుపు కోసం ప్రాసెసర్‌లోనే కలిసి ఉండే చిన్నది, ఆటల కోసం విడిగా పెట్టిన పెద్దది అని రెండు ఉంటే, విండోస్ కొన్నిసార్లు ఆటను చిన్నదానికి అప్పగిస్తుంది. అది మోయలేక ఆట ఆగిపోతుంది. సెట్టింగ్స్‌లో సిస్టం, డిస్‌ప్లే, గ్రాఫిక్స్ అన్న వరుసలో వెళ్లి, ఆ ఆటకు ‘హై పర్ఫార్మెన్స్’ ఎంచుకుంటే పెద్ద కార్డు పనిలోకి వస్తుంది.

సెకండ్ హ్యాండ్ లాప్‌టాప్ కొనేవారు ప్రత్యేకంగా తెలుసుకోవలసిన సంగతి ఒకటుంది. కంపెనీల నుంచి వచ్చే పాత లాప్‌టాప్‌లలో ఇంటెల్ నాలుగో తరం ప్రాసెసర్ ఉన్నవి చాలా ఉంటాయి. డెల్ లాటిట్యూడ్ ఇ7440, లెనోవో థింక్‌ప్యాడ్ టీ440 ఆ తరానివే. వీటిలోని గ్రాఫిక్స్ విభాగంలో బయటపడిన ఒక భద్రతా లోపం కారణంగా ఇంటెల్ తర్వాతి డ్రైవర్లలో వాటికి డైరెక్ట్ ఎక్స్ 12 సదుపాయాన్ని నిలిపివేసింది. డైరెక్ట్ ఎక్స్ అంటే ఆటలు గ్రాఫిక్స్ కార్డుతో మాట్లాడే మైక్రోసాఫ్ట్ భాష. 12వ రూపం 2015లో విండోస్ 10తో వచ్చింది. కాబట్టి ఆ రూపం ఒక్కటే తెలిసిన కొత్త ఆట ఆ లాప్‌టాప్‌ల మీద తెరుచుకోదు. 11వ రూపం కూడా వచ్చిన ఆట అయితే స్టీమ్‌లోని లాంచ్ ఆప్షన్స్ పెట్టెలో ‘డీఎక్స్11’ అన్న సూచన ఇచ్చి చూడవచ్చు. ఆ సూచనను ఏ రూపంలో రాయాలో ఆటను బట్టి మారుతుంది.

నిన్నటి దాకా నడిచిన ఆట ఈ రోజు ఆగిపోవడం కూడా ఈ కోవలోకే వస్తుంది. 2023 సెప్టెంబర్ 27న కౌంటర్ స్ట్రైక్ గ్లోబల్ అఫెన్సివ్ స్థానంలో కౌంటర్ స్ట్రైక్ 2 వచ్చినప్పుడు, దాన్ని తయారుచేసే వాల్వ్ సంస్థ డైరెక్ట్ ఎక్స్ 9 కార్డులకూ 32 బిట్ యంత్రాలకూ మద్దతు తీసేసింది. అదే సంస్థకు చెందిన స్టీమ్ 2024 జనవరి 1 నుంచి విండోస్ 7, 8 లను వదిలేసింది. ఇలాంటప్పుడు తప్పు యంత్రంలో గానీ యజమానిలో గానీ లేదు. ఆటకు కావలసిన కనీస అర్హతలే మారిపోయాయి. అందువల్ల ఏ చికిత్సకైనా ముందు ఆట పేజీలో ఉండే కనీస అవసరాల జాబితాను యంత్రంతో పోల్చి చూసుకోవడం తెలివైన పని.

తెలుగులో రాసిన పేరు

తెలుగు వంటి లిపుల్లో పేరు రాసుకునేవారికి ఎదురయ్యే, ఇతరులు సులభంగా ఊహించలేని కారణం ఒకటుంది. విండోస్‌లో స్థానిక ఖాతా తెరిచేటప్పుడు పేరును తెలుగు లిపిలో టైపు చేస్తే, ఆ వ్యక్తి ఫైళ్లన్నీ ఉండే యూజర్ ఫోల్డర్‌కు కూడా తెలుగు పేరే వస్తుంది. యూనికోడ్ అనే ప్రపంచ అక్షర ప్రమాణంలో తెలుగుకు 1991 నాటి మొదటి రూపం నుంచే చోటు ఉంది కాబట్టి విండోస్‌కు ఆ పేరుతో ఏ ఇబ్బందీ లేదు. అయితే పాత ఆటలు, కొన్ని కొత్త ఆటలు కూడా యూనికోడ్‌కు ముందటి పద్ధతిలో, అంటే ఒక్కో భాషాసమూహానికి ఒక్కో పరిమిత అక్షర పట్టికను వాడే పద్ధతిలో రాసినవి. రష్యన్, అరబిక్, థాయ్ భాషలకు విండోస్‌లో అలాంటి పట్టికలు ఉన్నాయి. తెలుగుకు అలాంటి పట్టిక ఎన్నడూ లేదు. దాంతో ఆ ఆట తన సెట్టింగులు దాచుకోవడానికి యూజర్ ఫోల్డర్‌ను వెతికినప్పుడు తెలుగు అక్షరాల స్థానంలో దానికి ప్రశ్నార్థకాలు కనిపిస్తాయి. ఆ పేరుతో ఫోల్డర్ లేదని తేల్చుకొని, ఒక్క మాట కూడా చెప్పకుండా ఆగిపోతుంది.

దీనికి మాతృభాషను వదులుకోవలసిన పని లేదు. ఇంగ్లిష్ అక్షరాల పేరుతో కొత్త స్థానిక ఖాతా తెరిస్తే ఫోల్డర్ ఆ పేరుతో ఏర్పడుతుంది. తర్వాత ఖాతా పేరును తెలుగులోకి మార్చుకుంటే తెర మీద తెలుగే కనిపిస్తుంది, ఫోల్డర్ పేరు మాత్రం మారదు. ఆటలను ఎక్కించే ఫోల్డర్‌కు కూడా ఇంగ్లిష్ అక్షరాల్లో చిన్న పేరు పెట్టడం మంచిది. డాక్యుమెంట్స్ ఫోల్డర్ వన్‌డ్రైవ్‌లోకి మారిపోయినప్పుడు, లేదా విండోస్ భద్రతలోని ‘కంట్రోల్డ్ ఫోల్డర్ యాక్సెస్’ దానికి తాళం వేసినప్పుడు కూడా ఆట తన ఫైలును రాసుకోలేక ఆగిపోతుంది కాబట్టి, లోపం ఈ దశలోనే ఉందని తోస్తే ఆ రెండింటినీ పరిశీలించాలి.

కాపలాదారులు అడ్డుకున్నప్పుడు

యాంటీ వైరస్ కొన్నిసార్లు నిర్దోషి అయిన ఆట ఫైలును కూడా అనుమానించి పక్కన పెడుతుంది. విండోస్ సెక్యూరిటీలోని ప్రొటెక్షన్ హిస్టరీ చూస్తే ఏ ఫైలును ఎప్పుడు ఆపిందో తెలుస్తుంది. అధికారిక దుకాణంలో కొన్న ఆట ఫైలు అయితే ఆ ఒక్కదానికి మినహాయింపు ఇవ్వవచ్చు. కానీ రక్షణ మొత్తాన్ని ఆపేయమని ఎవరు చెప్పినా వినకూడదు. తాళం పగలగొట్టి ఉచితంగా పంచే దొంగ కాపీల విషయంలో ఈ హెచ్చరిక మరింత అవసరం. వాటిని ఎక్కించే ముందు యాంటీ వైరస్‌ను ఆపమని అడగడం మామూలు. అలా తలుపు తెరిచిన యంత్రంలోనే ఇంటివారి బ్యాంకు లావాదేవీలూ, షాపుకు వచ్చిన జనం ఆధార్ కాగితాలూ ఉంటాయన్న సంగతి మరువరాదు.

యాంటీ చీట్ కార్యక్రమాలది వేరే తరహా. 2020 జూన్‌లో వచ్చిన వాలొరాంట్ ఆటతోపాటు ఎక్కే వ్యాన్‌గార్డ్ విండోస్ కెర్నల్‌లో, అంటే ఆపరేటింగ్ సిస్టం గర్భంలో పనిచేస్తుంది. విండోస్ 11 మీద అది టీపీఎం 2.0, సెక్యూర్ బూట్ రెండూ పనిచేస్తూ ఉండాలని కోరుతుంది. టీపీఎం అంటే రహస్య సంకేతాలను భద్రపరిచే చిప్. సెక్యూర్ బూట్ అంటే కంప్యూటర్ లేచేటప్పుడు గుర్తింపు లేని కార్యక్రమాన్ని అనుమతించని ఏర్పాటు. ఇవి లేనప్పుడు ‘వ్యాన్ 9001’, ‘వ్యాన్ 9003’ అన్న కోడ్‌లు వస్తాయి. 2025 అక్టోబర్‌లో విడుదలైన బ్యాటిల్‌ఫీల్డ్ 6 కూడా సెక్యూర్ బూట్‌ను తప్పనిసరి చేసింది. ఈ ఏర్పాట్లు బయోస్‌లో, అంటే కంప్యూటర్ ఆన్ కాగానే మొదట లేచే మూల కార్యక్రమంలో ఉంటాయి. విండోస్‌ను పాత లెగసీ పద్ధతిలో ఎక్కించిన యంత్రంలో డిస్కు అమరికను ముందుగా మార్చకుండా బయోస్‌ను మాత్రం మారిస్తే విండోస్ లేవకుండా పోవచ్చు. అందువల్ల ముఖ్యమైన ఫైళ్లకు మరో ప్రతి తీసుకున్నాకే, తెలిసినవారి సహాయంతో ఈ పనికి పూనుకోవాలి.

కెర్నల్‌లో పనిచేసే కార్యక్రమంలో చిన్న తప్పు ఎంత దూరం పోతుందో తెలుగు నేల ప్రత్యక్షంగా చూసింది. 2024 జూలై 19న క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ పంపిన ఒక లోపభూయిష్ట నవీకరణ వల్ల ప్రపంచవ్యాప్తంగా సుమారు 85 లక్షల విండోస్ యంత్రాలు కుప్పకూలాయని మైక్రోసాఫ్ట్ అంచనా వేసింది. శంషాబాద్ విమానాశ్రయంలో ప్రయాణికులకు చేత్తో రాసిన బోర్డింగ్ పాసులు ఇవ్వవలసి వచ్చింది. అది ఆటల సంగతి కాకపోయినా, ఇంత లోతున పనిచేసే కార్యక్రమాన్ని ఒక వినోదం కోసం తన యంత్రంలో అనుమతించాలా వద్దా అని ప్రతి ఇంటివారూ ఆలోచించుకోవాలని ఆ ఉదంతం చెబుతుంది.

తేదీ, సర్వర్, చట్టం

కొన్ని కారణాలు ఆటకు ఏమాత్రం సంబంధం లేనట్టు కనిపిస్తాయి. పాత డెస్క్‌టాప్ మదర్‌బోర్డు మీద సీఆర్2032 అనే గుండ్రటి బటన్ సెల్ ఉంటుంది. కరెంటు లేనప్పుడు కూడా గడియారాన్ని నడిపేది అదే. అది అయిపోతే యంత్రం లేచిన ప్రతిసారీ తేదీ కొన్నేళ్లు వెనక్కి పోతుంది. అప్పుడు లాంచర్ తన సర్వర్‌తో మాట్లాడబోయినప్పుడు, సర్వర్ చూపించే గుర్తింపు పత్రం చెల్లుబాటు కాలం ఈ తప్పుడు తేదీతో సరిపోలక, సంబంధం తెగిపోతుంది. ఇంటర్నెట్ బాగానే ఉన్నా లాగిన్ కావడం లేదంటే మొదట తెర మూలన ఉన్న తేదీ చూడాలి. ఏ వాచీల షాపులోనైనా దొరికే ఆ సెల్ మారిస్తే చాలు.

లోపం అసలు ఇంట్లో లేకపోవచ్చు కూడా. ఆన్‌లైన్ ఆట సర్వర్లు మరమ్మతుల కోసం ఆపినప్పుడు ఎవరికీ ఆట తెరుచుకోదు. ప్రభుత్వ నిర్ణయాలు కూడా ఇందుకు కారణం కావచ్చు. 2020 సెప్టెంబర్ 2న కేంద్రం పబ్జీ మొబైల్‌ను నిషేధించాక అక్టోబర్ చివరకు భారతదేశంలో దాని సర్వర్లు మూతపడ్డాయి. 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్‌కూ నిషేధం వర్తించింది. ఫోన్ ఆటలను కంప్యూటర్‌లో ఆడించే బ్లూస్టాక్స్ వంటి ఎమ్యులేటర్ల మీద వీటిని ఆడుతూ వచ్చినవారు ఆ రోజుల్లో తమ సిస్టంలోనే ఏదో చెడిందనుకొని మరమ్మతులకు పూనుకుంటే దొరికేది ఏమీ లేదు. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను 2017 నుంచి తెలంగాణ చట్టం, 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన చట్టం నిషేధించాయి కాబట్టి అలాంటివి తెరుచుకోకపోతే దారి వెతకకుండా వదిలేయడమే క్షేమం. ఇతర ఎమ్యులేటర్ ఆటలు మాత్రం తెరుచుకోకపోతే బయోస్‌లో వర్చువలైజేషన్ అనే సదుపాయం ఆన్‌లో ఉందో లేదో చూడాలి. ఒక కంప్యూటర్‌లో మరో కంప్యూటర్‌ను నడిపే శక్తినిచ్చేది అదే.

పాత ఆటల సంగతి

నెట్ సెంటర్ల కాలంలో పెరిగిన తరం ఇప్పటికీ 2000 డిసెంబర్‌లో వచ్చిన ప్రాజెక్ట్ ఐజీఐనో, 2003లో కంప్యూటర్లకు వచ్చిన వైస్ సిటీనో తెరవాలని చూస్తుంది. అలాంటి ఆటలకు ఫైలు మీద కుడి మీట నొక్కి, ప్రాపర్టీస్‌లోని కంపాటిబిలిటీ విభాగంలో పాత విండోస్‌ను ఎంచుకోవడం మొదటి ప్రయత్నం. అయితే 16 బిట్ కాలపు ఆటలు 64 బిట్ విండోస్ మీద ఏ విధంగానూ నేరుగా నడవవు. సేఫ్‌డిస్క్ అనే తాళంతో వచ్చిన సీడీ ఆటలు కూడా 2015లో వచ్చిన విండోస్ 10 నుంచి తెరుచుకోవు. ఆ తాళానికి చెందిన డ్రైవర్‌లో భద్రతా లోపం ఉండటంతో మైక్రోసాఫ్ట్ దానికి చోటు ఇవ్వలేదు. సీడీ మీద ఒక్క గీత లేకపోయినా, కొన్నది న్యాయంగానే అయినా ఆ ఆట ఆడలేకపోవడం అభిమానులకు నిజమైన నష్టమే. ఆ సంస్థలు కొత్త విండోస్‌కు తగినట్టు తిరిగి విడుదల చేసిన ప్రతులు దొరికినప్పుడు వాటిని కొనడం దానికి మంచి పరిష్కారం.

ఒక్కసారికి ఒక్క మార్పు

పైన చెప్పిన కారణాలన్నింటిలోనూ ఉపయోగపడే నియమం ఒకటే. ఒక్కసారికి ఒక్క మార్పు చేసి, ఆటను తెరిచి చూసి, ఫలితాన్ని ఒక కాగితం మీద రాసుకోవాలి. డ్రైవర్ మార్చి, యాంటీ వైరస్ ఆపి, రిజల్యూషన్ తగ్గించి, నాలుగు ప్యాకేజీలు ఎక్కించాక ఆట తెరుచుకుంటే, దేని వల్ల తెరుచుకుందో ఎవరూ చెప్పలేరు. తెరుచుకోకపోతే, కొత్తగా చెడింది ఏమిటో కూడా చెప్పలేరు. మార్పు పనిచేయకపోతే దాన్ని యథాస్థితికి తెచ్చాకే రెండవదానికి పోవాలి. ముందుగా యంత్రాన్ని ఒకసారి పూర్తిగా రీస్టార్ట్ చేయడం, ఆ తర్వాత సందేశం చదవడం, ఫైళ్లను వెరిఫై చేయడం, ప్యాకేజీలు, డ్రైవర్, కార్డు ఎంపిక, భద్రతా కార్యక్రమాలు, చివరగా బయోస్ అన్న క్రమం తేలికైన పని నుంచి ప్రమాదకరమైన పనికి నడిపిస్తుంది. ఫార్మాట్ స్థానం ఆ జాబితా అట్టడుగున.

ఆటల మీద పిల్లలు పెట్టే సమయం గురించి పెద్దల ఆందోళన న్యాయమైనదే. అయినా తెరుచుకోని ఆటను సొంతంగా తెరిపించుకోగలిగిన విద్యార్థి ఆ ప్రయత్నంలో నేర్చుకున్నది చిన్న విషయం కాదు. లక్షణాన్ని గమనించడం, ఆనవాలును చదవడం, కారణాన్ని ఊహించి పరీక్షించడం, ఊహ తప్పితే ఒప్పుకొని మరో దారి చూడటం అనేవే సాఫ్ట్‌వేర్ పరీక్షకుల పనికి మూలం. 1998లో హైదరాబాద్‌లో మొదలైన మైక్రోసాఫ్ట్ ఇండియా డెవలప్‌మెంట్ సెంటర్ వంటి చోట్ల ఇంజినీర్లు పెద్ద ఎత్తున చేసేది ఈ పనే. అందుకు కావలసిన పరికరాలన్నీ, ఈవెంట్ వ్యూయర్‌తో సహా, ఏ పాత విండోస్ లాప్‌టాప్‌లోనైనా ఉచితంగానే ఉన్నాయి. గరిడేపల్లిలోనో, చుట్టుపక్కల పాఠశాలల్లోనో కంప్యూటర్ చెప్పే ఉపాధ్యాయులు టైపింగ్‌తోపాటు ఒక గంట ఈ పరిశీలన పద్ధతికి కేటాయిస్తే, పిల్లలు ఆటతో ఆగిపోకుండా ప్రింటర్, బిల్లింగ్ సాఫ్ట్‌వేర్, మీసేవ కేంద్రంలోని సిస్టం దగ్గర కూడా అదే క్రమంతో ఆలోచించడం నేర్చుకుంటారు.